మాఫియా ఆట మీద సస్పెన్స్ కథ రాస్తున్నాం, ఇంటర్వెల్ తర్వాత బండి కదలట్లేదు

పెంట్‌హౌస్ పిట్ట | శుక్రవారం రాత్రి 11:52

అందరికీ నమస్కారం. రెండేళ్లుగా ఇక్కడ చదవడమే తప్ప రాసింది తక్కువ. కృష్ణానగర్‌లో ఒక పెంట్‌హౌస్‌లో నలుగురం ఉంటాం. ఇద్దరం అసిస్టెంట్ డైరెక్టర్లం, ఒకడు ఎడిటింగ్, ఇంకొకడు మొన్నటిదాకా మాదాపూర్‌లో ఉద్యోగం చేసి ఇటు వచ్చాడు. సొంతంగా ఒక సస్పెన్స్ కథ రాసుకున్నాం.

లైన్ ఇది. ఆరుగురు స్నేహితులు వీకెండ్‌కి అనంతగిరి దగ్గర ఫామ్‌హౌస్‌కి వెళ్తారు. రాత్రి మాఫియా ఆడతారు. పేకముక్కలు పంచుకుని ఒకడు రహస్యంగా మాఫియా అవుతాడు, అందరూ కళ్లు మూసుకున్న 'రాత్రి' ఒకణ్ని 'చంపుతాడు', పగలు మిగిలినవాళ్లు వాడెవడో కనిపెట్టి ఓటేసి పంపాలి, అదీ ఆట. మొదటి రౌండులో 'చచ్చిపోయిన' వాడు నిద్రొస్తోందని లోపలికి వెళ్తాడు. తెల్లారేసరికి ఉండడు. మంచం మీద అతని పేకముక్క ఒక్కటే ఉంటుంది. మర్నాడు రాత్రి ఇంకొకరు మాయం. ఇంటర్వెల్‌కి బావి గట్టు మీద రక్తం. సెకండాఫ్‌లో ఒక్కొక్కరికీ ఒక ఫ్లాష్‌బ్యాక్. క్లైమాక్స్‌లో ఇదంతా మొదట మాయమైనవాడే ఆడించిన ఆట అని తేలుతుంది.

మొన్న ఒక నిర్మాతకు నరేషన్ ఇచ్చాం. ఇంటర్వెల్ దాకా ఆయన ఫోన్ ముట్టుకోలేదు. సెకండాఫ్ మొదలైన పది నిమిషాలకు డ్రైవర్‌ని పిలిచి బండిలో డీజిల్ ఉందా అని అడిగాడు. చివర్లో ఒకే ప్రశ్న వేశాడు. "ఆ ఆట తీసేసి దయ్యాన్ని పెట్టినా ఇదే కథ కదా బాబూ?"

జవాబు దొరక్క ఇక్కడికొచ్చాను. మొహమాటం లేకుండా తిట్టండి.

మలక్‌పేట మిర్చి | శుక్రవారం రాత్రి 11:58

బల్ల కింద బాంబు గురించి ఎవరూ చెప్పకండి ప్లీజ్. ఈ వేదికలో సస్పెన్స్ అనే మాట కనబడితే చాలు, హిచ్‌కాక్ గారి బాంబు తెచ్చి పెడతారు, బల్ల కింద ఉందని ప్రేక్షకుడికి తెలిసి, చుట్టూ కూర్చున్నవాళ్లకు తెలియని ఆ బాంబు.

బాల్కనీ టికెట్ | శనివారం ఉదయం 7:10

చెబుదామనే వచ్చాను, నోరు నొక్కేశావు.

తమ్ముడూ, నిర్మాత అడిగింది సరైన ప్రశ్నే. 2005లో 'ఎ ఫిల్మ్ బై అరవింద్' వచ్చింది, శేఖర్ సూరి తీశాడు. ఇద్దరు స్నేహితులు, ఒకడు డైరెక్టర్, ఒకడు హీరో. చేతిలో ఉన్న స్క్రిప్టులో ఎలా ఉందో బయటా అలాగే జరుగుతుంటుంది. అందులోంచి స్క్రిప్టుని తీసేసి దయ్యాన్ని పెట్టు చూద్దాం, సినిమా లేదు. అదే ఏడాది 'అనుకోకుండా ఒక రోజు'. ఆ అమ్మాయి జీవితంలోంచి ఒక రోజు ఎగిరిపోతుంది. దాన్నీ తీయలేవు.

మీ కథలో ఆట గేటు దగ్గర టికెట్ చింపేవాడిలా ఉంది. లోపలికి పంపాక పని అయిపోయింది.

ఇస్పేట్ రాజు | శనివారం ఉదయం 9:33

మా ఆఫీసులో శుక్రవారం శుక్రవారం మాఫియా ఆడతాం. మూడేళ్లుగా నేనే గాడ్, అంటే ఆడించేవాణ్ని. కాబట్టి ఈ విషయంలో కొంచెం ఎక్కువే మాట్లాడతాను, భరించండి.

మొదట లెక్క. ఆరుగురిలో ఒకడు గాడ్ అయితే ఆడేది ఐదుగురు. ఒకడు మాఫియా. మొదటి రాత్రి ఒకడు పోతాడు, మిగిలింది నలుగురు. పగలు ఓటింగులో పొరపాటున ఒక అమాయకుణ్ని పంపేస్తారు, ముగ్గురు. రెండో రాత్రి ఇంకొకడు పోతాడు. ఇద్దరు మిగిలితే మాఫియా గెలిచినట్టే. అంటే మీ సినిమా మొత్తానికి ఓటింగు ఒక్కటి! ఏడుగురు ఆడి, మాఫియా ఒక్కడే అయితే రెండు ఓటింగులు వస్తాయి. గాడ్‌తో కలిపి ఎనిమిది మంది కావాలి.

ఓటింగు ఎందుకంత ముఖ్యమంటే, ఈ ఆటలో రాత్రి ఏమీ జరగదు. అందరూ కళ్లు మూసుకుంటారు, అంతే. ఆటంతా పగలే. "నువ్వే", "నేను కాదు", "మరి నిన్న ఎందుకు నవ్వావు?" ఇదే ఆట. దీన్ని కనిపెట్టింది దిమిత్రీ డేవిడాఫ్ అనే ఆయన, 1986-87 ప్రాంతంలో, మాస్కో స్టేట్ యూనివర్సిటీ సైకాలజీ విభాగంలో. హత్యల ఆటను కనిపెట్టింది డిటెక్టివ్ నవలలు రాసేవాడు కాదు, మనస్తత్వశాస్త్రం చదివినవాడు. తెలిసినవాళ్లు కొద్దిమంది, తెలియనివాళ్లు ఎక్కువమంది. ఆ కొద్దిమంది అబద్ధమాడితే ఎక్కువమంది ఏం చేస్తారన్నదే దాని మూలం.

మీరు రాత్రిని పట్టుకుని పగటిని వదిలేశారు.

చుక్కల చీర | శనివారం ఉదయం 10:05

స్నేహితులు, విడిది ఇల్లు, ఆట... ఇంతవరకూ చెబితే ఎవరైనా ముందు ఇటాలియన్ 'పర్ఫెక్ట్ స్ట్రేంజర్స్' పేరే ఎత్తుతారు. 2016, పావొలో జెనొవేసె. భోజనాల బల్ల మీద అందరూ ఫోన్లు పెట్టి, ఏ మెసేజ్ వచ్చినా పైకి చదవాలి. హత్య లేదు, రక్తం లేదు. 2019 నాటికే 18 రీమేకులు అయ్యాయని గిన్నిస్ వాళ్లు రికార్డు ఇచ్చారు. మలయాళంలో జీతూ జోసెఫ్ '12త్ మ్యాన్' (2022) కూడా రిసార్టులో ఫోన్ల ఆటతోనే మొదలై అటునుంచి చావు మీదకు వెళ్తుంది. చివర ఏమవుతుందో రాయను, మోడరేటర్ గారు కోప్పడతారు.

వాటిలో ఆట నిజాన్ని బయటికి లాగుతుంది. మీదాంట్లో ఆట మనుషుల్ని మాయం చేస్తుంది. మొదటిది నాకు భయం. రెండోది నిర్మాత గారు అన్నట్టు దయ్యం.

మోడరేటర్ | శనివారం ఉదయం 10:20

కోప్పడను. స్పాయిలర్లు మాత్రం వద్దు.

అనంతగిరి గాలి | శనివారం మధ్యాహ్నం 1:15

మాది వికారాబాద్. అన్నా, మీరు మా ఊరికి ఎప్పుడన్నా వచ్చిన్రా? కథ చదివితే వచ్చినట్టు లేదు.

ఫామ్‌హౌస్ అన్నారు, వాచ్‌మన్ ఏడీ? మా దగ్గర ఏ ఫామ్‌హౌస్‌కైనా ఒక వాచ్‌మన్ కుటుంబం ఉంటది. ఆయన, భార్య, ఇద్దరు పిల్లలు, రెండు కుక్కలు. రాత్రి ఒక మనిషి గేటు దాటితే ఆ కుక్కలు ఊరంతా లేపుతాయి. కుక్కలు మొరగలేదు అంటే అదే పెద్ద క్లూ, మీరు వాడుకోలేదు.

ఇంకోటి. అర్ధరాత్రి అడవిలోంచి ఆడపిల్ల ఏడుపు లాంటి అరుపు వస్తదని రాసుకునే ఉంటారు. అది నెమలి. మాకు రోజూ ఉండేదే. సిటీ నుంచి వచ్చినోళ్లు భయపడతారు, వాచ్‌మన్ పిల్లలు నవ్వుతారు. మూసీ పుట్టేది ఈ గుట్టల్లోనే గానీ, మా దగ్గర మూసీని చూస్తే మీ చాదర్‌ఘాట్ మూసీ అని చెప్పినా నమ్మరు. అది కథకు పనికిరాదులెండి, ఊరికే చెప్పిన.

పెంట్‌హౌస్ పిట్ట | శనివారం మధ్యాహ్నం 2:02

నెమలి అరుపు నిజంగానే రాసుకున్నాం. సీన్ 14. సిగ్గుగా ఉంది.

నల్లకోటు | శనివారం సాయంత్రం 5:48

నాంపల్లి కోర్టు నుంచి ఇప్పుడే ఇంటికొచ్చాను. నా బాధ కూడా రాసేస్తాను.

మీవాళ్లు పోలీసులకు ఎందుకు ఫోన్ చేయరు? సిగ్నల్ లేదంటారు. సరే, కారు ఉంది కదా. "24 గంటలు గడిస్తే గానీ మిస్సింగ్ కంప్లయింట్ తీసుకోరు" అని ఎవరో ఒకరు అని ఉంటారు, ప్రతి సినిమాలో అంటారు. అలాంటి రూలే లేదు. వికారాబాద్ దాకా కూడా వెళ్లక్కర్లేదు. మాదాపూర్‌లో ఇచ్చినా జీరో ఎఫ్ఐఆర్ కట్టి అక్కడికి పంపాలి. 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన కొత్త చట్టంలో, అంటే భారతీయ నాగరిక సురక్షా సంహితలో, 173వ సెక్షన్‌లోనే ఉంది.

పోలీసులొస్తే సస్పెన్స్ పోతుందని రైటర్లందరికీ భయం. నాకైతే పోలీసులు వచ్చాకే అసలు సస్పెన్స్ మొదలవుతుంది. ఎలాగో తీరిగ్గా రాస్తాను, ముందు అన్నం తినాలి.

మలక్‌పేట మిర్చి | శనివారం సాయంత్రం 5:55

లాయర్ సాబ్ ఇంటర్వెల్ కార్డు వేసి వెళ్లారు.

వెనక వరస | శనివారం రాత్రి 8:30

నేను సినిమావాణ్ని కాదు, నాటకాలవాణ్ని. రవీంద్రభారతిలో ఎప్పుడూ వెనక వరసలో కూర్చుని చూసేవాణ్ని, అందుకే ఆ పేరు.

మీరందరూ ఇటలీ దాకా వెళ్లారు. పక్కనే మరాఠీలో విజయ్ టెండూల్కర్ రాసిన 'శాంతతా! కోర్ట్ చాలూ ఆహే' నాటకం 1967లోనే వేదికెక్కింది. ఒక ఔత్సాహిక నాటక బృందం ఏదో ఊళ్లో ప్రదర్శనకు వెళ్తుంది. సాయంత్రం దాకా పొద్దుపోవాలి కదా అని ఉత్తుత్తి కోర్టు ఆడదామనుకుంటారు. ముద్దాయిగా తమలోనే ఒకామెను నిలబెడతారు, లీలా బేనారే అనే టీచరు. ఆమె నవ్వుతూనే ఒప్పుకుంటుంది. ఒక్కొక్క సాక్షీ బోనెక్కి ఆమె నిజం జీవితంలోంచి ఒక్కొక్క ముక్క తెచ్చి పెడతాడు. ఎక్కడ ఆట ఆగిందో వాళ్లకూ తెలియదు, మనకూ తెలియదు. ఒక దశలో ఆమె తలుపు దగ్గరికి వెళ్తుంది. గడియ బయటినుంచి పడిపోయి ఉంటుంది.

బాబూ పిట్టా, వాళ్లలో దెబ్బ తీయాలని వచ్చినవాడు ఒక్కడూ లేడు. అందరూ సరదాకే వచ్చారు. మీ కథలో మాత్రం ముందే పథకం వేసుకున్న విలన్ ఉన్నాడు. విలన్ ఉన్నంతసేపూ ప్రేక్షకుడు హాయిగా ఉంటాడండీ. తప్పంతా వాడిదే కదా.

ఉస్మానియా బిస్కట్ | శనివారం రాత్రి 11:14

ఈ థ్రెడ్ పొద్దుటి నుంచి చదువుతున్నాను. రాయాలా వద్దా అని ఆలోచించి రాస్తున్నాను.

మేం హాస్టల్‌మేట్స్ ఎనిమిది మందిమి. పోయిన చలికాలం మొయినాబాద్ దగ్గర ఫామ్‌హౌస్ తీసుకున్నాం. బిర్యానీ తెప్పించుకున్నాం, పదకొండున్నరకి మాఫియా మొదలైంది. పేకముక్కలతోనే. ఇస్పేట్ రాజు మాఫియా, ఆఠీను రాణి డాక్టర్, అంకెలున్నవి ఊరి జనం.

రెండో ఓటింగులో నాకూ నా రూమ్మేటుకూ పడింది. నాకు తనమీదే అనుమానం. అందరూ "ఆధారం ఏంటి?" అన్నారు. నేనన్నాను, "తను అబద్ధం చెప్పేటప్పుడు ఎడంచేతి గాజు తిప్పుకుంటుంది. ఇప్పుడూ తిప్పుతోంది చూడండి. వాళ్లమ్మకు ఫోన్లో ఆఫీసులో ఉన్నానని చెప్పేటప్పుడూ ఇంతే."

అందరూ నవ్వారు. తను కూడా నవ్వింది. గాజు మీంచి చెయ్యి తీసి, ఆ చేతిని తొడ కింద పెట్టుకుంది. ఓట్లు పడ్డాయి. కార్డు తిప్పింది. కళావరు ఐదు. ఊరి జనం.

ఆట అయ్యేదాకా అక్కడే కూర్చుంది. ఎవరికి నీళ్లు కావాలన్నా తనే లేచి తెచ్చింది. తిరిగొచ్చేటప్పుడు వేరే కారెక్కింది. ఉగాదికి గది మారిపోయింది. కారణం ఎవరడిగినా "ఆఫీసుకి దూరం" అనే చెప్పింది. ఆ చేతికి ఇప్పుడు గాజు లేదు, వాచీ పెట్టుకుంటోంది.

నేను ఆట నియమం ఏదీ తప్పలేదు. ఇప్పటికీ అదే నాకు అంతుపట్టడం లేదు.

చుక్కల చీర | శనివారం రాత్రి 11:31

వాచీ దగ్గర ఆగిపోయానమ్మా.

ఇస్పేట్ రాజు | ఆదివారం ఉదయం 8:02

మూడేళ్లుగా ఆడిస్తున్నాను, ఈ కోణంలో ఎప్పుడూ చూడలేదు. నిజానికి మా ఆఫీసులో బాగా ఆడేవాళ్లంతా చేసేది ఇదే. కొత్తవాళ్లు కార్డు గురించి మాట్లాడతారు, పాతవాళ్లు మనిషి గురించి మాట్లాడతారు. ఎంత దగ్గరి స్నేహితులైతే అంత బాగా ఆడతారు, అంత లోతుగా తగులుతుంది.

నల్లకోటు | ఆదివారం ఉదయం 9:40

నిన్న ఆపింది ఇప్పుడు చెబుతాను. ఉస్మానియా గారు నా పని సులువు చేశారు. వారిని అనడం లేదు, కథ కోసం మాత్రమే ఊహించండి.

గాజు మాట అన్న రాత్రే ఆ అమ్మాయి కనిపించకుండా పోయిందనుకోండి. ఎస్సై వస్తాడు. మిగిలినవాళ్లను విడివిడిగా కూర్చోబెట్టి విచారిస్తాడు. సాక్షులు చెప్పింది రాసుకునే ఈ పని పాత చట్టంలో 161 స్టేట్‌మెంట్, ఇప్పుడు 180వ సెక్షన్. మొదటి ప్రశ్న ఎప్పుడూ ఒకటే. "చివరిసారి ఆమెతో గొడవపడింది ఎవరు?"

గొడవ కాదు సార్, ఆట.
ఏం ఆట?
మాఫియా.
ఏమన్నావు ఆటలో?

ఇప్పుడు ఆ మాట మళ్లీ అనాలి. ఎస్సై ముందు అన్నప్పుడు అది ఆటలా వినబడదు. పైగా రాసేది మీరు కాదు. స్టేషన్‌లో కూడా రైటర్ ఉంటాడు. "మృతురాలు" అని రాయబోయి "సదరు యువతి" అని దిద్ది, "తల్లికి అబద్ధములు చెప్పుచున్నదని అందరి సమక్షమున నిందించినట్లు" అని రాస్తాడు. ఆ కాగితం మీద సాక్షి సంతకం కూడా తీసుకోరు, చట్టమే తీసుకోవద్దంటుంది. ఏడుగురు ఏడు రకాలుగా చెబుతారు. ఒకరు నవ్విందంటారు, ఒకరు ఏడ్చిందంటారు. ఎవరూ అబద్ధం చెప్పరు.

అదే నీ సెకండాఫ్ తమ్ముడూ. ఫ్లాష్‌బ్యాక్‌లు పీకేసి, అదే ఓటింగుని ఏడుసార్లు చూపించు.

బూమ్ రాడ్ | ఆదివారం ఉదయం 10:12

సౌండ్ డిపార్ట్‌మెంట్ నుంచి ఒక మాట. గాజు మాట అనగానే మ్యూజిక్ వేయకండి, దణ్ణం పెడతాను. ఫామ్‌హౌస్ హాల్లో ఒక పాత ఫ్రిజ్ ఉంటుంది. సింక్ సౌండ్‌లో, అంటే షూటింగ్‌లోనే మాటలు రికార్డు చేసేటప్పుడు, మా ప్రాణం తీసేది అదే, కంప్రెసర్ గుయ్‌మంటుంటుంది. సీన్ మొదటి నుంచీ ఆ చప్పుడు ఉంచండి. ఆ మాట పడ్డాక రెండు సెకన్లకు కంప్రెసర్ ఆగాలి. అప్పటిదాకా అది మోగుతోందని ప్రేక్షకుడికి తెలియదు, ఆగాక తెలుస్తుంది. మళ్లీ పోలీసుల ముందు చెప్పే ఏడుసార్లలో ఎక్కడా ఫ్రిజ్ ఉండకూడదు. ఎవరి జ్ఞాపకంలోనూ అది ఉండదు కదా.

బాల్కనీ టికెట్ | ఆదివారం ఉదయం 10:40

ఇంత మంచి సినిమాకి ఆర్టీసీ క్రాస్‌రోడ్స్‌లో రెండో వారం ఉంటుందా అన్నది వేరే విషయం. మాస్ జనానికి బావి దగ్గర రక్తమే కావాలి. అలాగని తీయొద్దనట్లేదు.

పెంట్‌హౌస్ పిట్ట | సోమవారం రాత్రి 1:20

రెండ్రోజులు నిద్రలేదు. అందరికీ థాంక్స్ అన్నది చిన్న మాట. విలన్ పోయాడు. నెమలి పోయింది. వాచ్‌మన్ వచ్చాడు, కుక్కలు వచ్చాయి. ఎనిమిది మంది అయ్యారు. ఉస్మానియా గారి గాజు వాడుకోవడం తప్పు కాబట్టి వేరేది రాసుకున్నాను. ఓటింగు సీన్లో ఒక ముక్క ఇక్కడ పెడుతున్నా, ఎలా ఉందో చెప్పండి.

"వాడే మాఫియా. అబద్ధం చెప్పేటప్పుడు వాడి చేతిలో ఏ వాటర్ బాటిల్ ఉన్నా లేబుల్ చింపుతాడు. గోరుతో మూల లేపి, నిలువుగా, ముక్కలు ముక్కలు. ఉద్యోగం మానేసి ఎనిమిది నెలలైంది. ప్రతి ఆదివారం వాళ్ల నాన్నకు ఫోన్ చేసి ప్రాజెక్టు డెడ్‌లైన్ అని చెబుతాడు. ఫోన్ పెట్టేశాక కింద చూడండి, నేలంతా నీలం కాగితాలే."

చుక్కల చీర | సోమవారం ఉదయం 7:45

నీలం కాగితాలు బాగా కుదిరాయి. గాజు కన్నా ఇదే తెర మీద కనబడుతుంది.

ఇస్పేట్ రాజు | సోమవారం ఉదయం 9:15

ఓటు వేసేశాను.

వెనక వరస | సోమవారం ఉదయం 11:00

బాగుంది. ఊహించి రాసినట్టు లేదు.

కొత్త సభ్యుడు 4471 | మంగళవారం రాత్రి 12:36

(మొదటి పోస్టు)

బాటిల్ సంగతి రూంలో అందరికీ తెలుసు. మా నాన్న సంగతి నీకొక్కడికే చెప్పాను.

మలక్‌పేట మిర్చి | మంగళవారం రాత్రి 12:41

భయ్యా ఇది స్క్రిప్టులో భాగమేనా? ప్రమోషన్ అయితే మాత్రం అదిరింది.

పెంట్‌హౌస్ పిట్ట | మంగళవారం రాత్రి 12:44

కాదు.

రేయ్. కింద టీ కొట్టు దగ్గరే ఉన్నా. ఒకసారి రా.

కొత్త సభ్యుడు 4471 | మంగళవారం రాత్రి 12:58

రాను. ఇక్కడ రాశావుగా, ఇక్కడే చెప్పు.

పెంట్‌హౌస్ పిట్ట | మంగళవారం రాత్రి 1:07

పేరు లేదు కదా, ఎవరికి తెలుస్తుందిలే అనుకున్నా. నువ్వు ఇక్కడ చదువుతావనుకోలేదు. మోడరేటర్ గారూ, నాకు ఎడిట్ ఆప్షన్ గడువు అయిపోయింది. ఆ పేరా తీసేయగలరా?

మోడరేటర్ | మంగళవారం ఉదయం 6:30

తీసేస్తాను. ఇద్దరూ ఒక మాట మీదుంటే చెప్పండి.

కొత్త సభ్యుడు 4471 | మంగళవారం ఉదయం 7:12

ఉంచండి సార్. సీన్ బాగుంది, అది నాకూ తెలుసు. ఆదివారం నాన్నకు నేనే చెప్పుకుంటాను.

కానీ సినిమాలో బాటిల్ వద్దు. మార్చు.

పెంట్‌హౌస్ పిట్ట | మంగళవారం ఉదయం 7:15

మారుస్తా. ఏం పెట్టమంటావు?

కొత్త సభ్యుడు 4471 | మంగళవారం ఉదయం 7:16

నీదేదైనా పెట్టు.